మనవాళ్లే పరాయివాళ్లుగా కనిపిస్తే...

అబ్బాజాన్ ఉన్నట్టుండి "ఈమె నా భార్య కాదు, ఆమె వేషంలో వచ్చిన మరెవరో" అని వణికిపోతే, కార్వేటినగరం వంటి మన ఊళ్లలో ముందు గుర్తొచ్చేది జిన్, చేతబడి. కాని ఇది జబ్బు. 1923లో ఫ్రెంచి వైద్యుడు జోసెఫ్ కాప్‌గ్రాస్ ఇలాంటి ఒక స్త్రీ గురించి రాశారు. ఆయన పేరే దీనికి స్థిరపడింది. వృద్ధాప్యపు మతిమరుపులోనూ, స్కిజోఫ్రెనియాలోనూ, తలకు దెబ్బ తగిలినా రావచ్చు. కళ్లు ముఖాన్ని గుర్తుపడతాయి. దానితో ముడిపడిన మమకారం మాత్రం మేల్కోదని వైద్యుల వివరణ. అందుకే వాదించి లాభం లేదు. కొట్టడం, కట్టేయడం జుల్మ్. భయంతో రోగి చేయిచేసుకోవచ్చు, కనుక ఆలస్యం తగదు.

సోదర సోదరీమణులారా! దువా చేయండి, దవా కూడా ఇప్పించండి. తావీజు కట్టించి ఊరుకోక మానసిక వైద్యునికి చూపించండి. 2022లో ప్రభుత్వం ప్రారంభించిన 14416 నంబరుకు ఫోన్ చేస్తే ఉచితంగా సలహా ఇస్తారు. ఆయన మనల్ని పరాయివాళ్లన్నా, మనం ఆయన్ని పరాయి చేయరాదు.