అసమ్మతి అధర్మం కాదు: వేనుని సభ నుండి మూలపేట గుడి వరకు

ధర్మాచరణపరులమని చెప్పుకొనే కొందరి నోట ఒక మాట తరచుగా వినవస్తున్నది. రాజు విష్ణ్వంశ గనుక పాలకుని ప్రశ్నించడం దైవధిక్కారమనీ, నిరాహారదీక్షలూ నిరసనలూ పాశ్చాత్యుల నుండి అరువు తెచ్చుకొన్న అలవాట్లనీ, భక్తుడైనవాడు నామస్మరణ చేసుకొంటూ మౌనం వహించడమే శ్రేయస్కరమనీ ఆ మాట సారాంశం. ఈ వాదానికి శాస్త్రమనే ముసుగు ఉన్నది గాని శాస్త్రప్రమాణం లేదు. పురాణేతిహాసాలను ఆద్యంతం పరిశీలించినవారెవరూ దీనిని అంగీకరించజాలరు.

శ్రీమద్భాగవతం చతుర్థ స్కంధంలోని వేనుని వృత్తాంతాన్నే తీసుకొనండి. అంగరాజు విరక్తుడై రాజ్యాన్ని విడిచి వెళ్ళగా, ప్రజలకు రక్షకుడు లేడని తలచి భృగ్వాది మహర్షులే వేనుని సింహాసనంపై కూర్చుండబెట్టారు. అధికారం చేజిక్కగానే అతడు యజ్ఞదానాలను నిషేధించాడు. సకల దేవతలూ రాజశరీరంలోనే ఉంటారనీ, కనుక తననే అర్చించవలెననీ శాసించాడు. గమనించవలసిన విషయమేమంటే, పాలకుడే దైవం గనుక ప్రశ్నించరాదన్న వాదాన్ని ఈ కథలో వినిపించినవాడు వేనుడే! దానిని ఖండించినవారు మహర్షులు. నేడు ఆ వాదాన్ని భుజాన వేసుకొన్నవారు తాము ఎవరి పక్షాన నిలిచారో ఒక్కసారి ఆలోచించుకోవాలి.

ఆ మహర్షుల వర్తనలో ఒక క్రమం ఉన్నది. మొదట వారు కోపాన్ని లోలోపలే అణచుకొని, సామవచనాలతో రాజధర్మాన్ని బోధించారు. అతడు హితవును పెడచెవిని పెట్టి అవమానించిన తరువాతనే హుంకారంతో అతనిని నశింపజేశారు. కథ అంతటితో ముగియలేదు. పాలకుడు లేని రాజ్యంలో చోరులు విజృంభించారు. అప్పుడు మహర్షులు వేనుని దేహాన్ని మథించి, అతని బాహువుల నుండి పృథు చక్రవర్తి ఆవిర్భవించేటట్లు చేశారు. దుష్టపాలనను తొలగించడంతోనే బాధ్యత తీరదు, సుపాలనను నిలబెట్టేవరకు అది నిలిచే ఉంటుంది. ఆ పృథువు వందిమాగధులు తనను కీర్తించబోగా, ఇంకా ఏ ఘనకార్యమూ చేయకముందే స్తుతి ఎందుకని వారించాడు. వేనునికీ పృథువుకీ ఉన్న అంతరమంతా ఇక్కడే తెలుస్తున్నది.

అసమ్మతి తెలిపినవాడు ద్రోహి అనడం మరొక అపవాదు. కురుసభలో ద్రౌపది వేసిన ప్రశ్నకు పితామహుడైన భీష్ముడు ధర్మం సూక్ష్మమంటూ నిర్ణయం చెప్పలేకపోయాడు. ద్రోణకృపులు నోరు మెదపలేదు. విదురుడు హెచ్చరించాడు. దుర్యోధనుని తమ్ముడైన వికర్ణుడు లేచి, ఆమె ధర్మబద్ధంగా జితురాలు కాలేదని నిర్భయంగా పలికాడు. కర్ణుడు అతనిని బాలుడివని గద్దించాడు. అదే వికర్ణుడు యుద్ధంలో అన్న పక్షాన పోరాడి ప్రాణాలు విడిచాడు. కుటుంబాన్ని విడువకుండానే కుటుంబంలోని పాపాన్ని పాపమని చెప్పవచ్చుననడానికి ఇంతకంటె నిదర్శనమేమి కావాలి? ఆనాటి సభలో పెద్దలందరూ వికర్ణునితో గొంతు కలిపి ఉంటే కురుక్షేత్రానికి అవసరమే ఉండేది కాదేమో. కురువంశానికి చేటు తెచ్చినది ప్రశ్నించిన ఒక్కడు కాదు, మౌనం దాల్చిన పెద్దలు.

ఇక నిరాహారదీక్ష పరదేశీయమన్న మాట. చిత్రకూటంలో శ్రీరాముడు అయోధ్యకు రానని చెప్పినప్పుడు, భరతుడు దర్భలు పరచుకొని అన్న ఎదుట ప్రాయోపవేశానికి సిద్ధపడినట్లు వాల్మీకి మహర్షి వర్ణించాడు. రాముడు అది క్షత్రియునికి తగదని వారించాడు గాని, అటువంటి పద్ధతి లోకంలో లేదని అనలేదు. 12వ శతాబ్దంలో కల్హణుడు రచించిన రాజతరంగిణిలో కాశ్మీర రాజుల కాలపు ప్రాయోపవేశాల ప్రసక్తి ఉన్నది, వాటిని విచారించే అధికారుల ప్రస్తావన కూడ ఉన్నది. అంటే అన్నపానాలు మాని న్యాయం కోరినవాని గోడు వినడానికి రాజ్యమే ఏర్పాటు చేసుకొన్నదన్నమాట. ఇది ఈ నేలలో పుట్టిన సంప్రదాయం.

ఆ సంప్రదాయాన్ని తెలుగునాట సజీవంగా నిలిపిన మహనీయుడు పొట్టి శ్రీరాములు. ఆంధ్రరాష్ట్రం కోసం ఆయన చేసిన ఆత్మార్పణ అందరికీ తెలుసు. అంతకుముందు 1946లో నెల్లూరు మూలపేటలోని వేణుగోపాలస్వామి ఆలయంలోకి హరిజనులను అనుమతించాలని ఆయన చేసిన దీక్షను ఆస్తికలోకం అంతగా తలచుకోదు. కారణం స్పష్టమే. అక్కడ దీక్ష ఏ పరప్రభుత్వం మీదనో కాదు, దేవాలయద్వారాలను మూసినవారి మీద. గోపబాలురతో కలిసి చల్దులారగించిన స్వామి దర్శనానికి కులాన్ని అడ్డుపెట్టినవారు తాము ధర్మాన్ని కాపాడుతున్నామనే భావించారు. ఆకలితో కూర్చున్న ఒక బక్కపలుచని మనిషి ఆ భ్రమను ఎత్తిచూపాడు. 1947లో మద్రాసు రాష్ట్రంలో ఆలయప్రవేశ చట్టం వచ్చింది. నేడు ఏ గర్భాలయం ముందు నిలిచి ఎవరు హారతి కళ్ళకద్దుకొన్నా, ఆ భాగ్యం వెనుక ఇటువంటి నిరసనకారుల తపస్సు ఉన్నది. ఆలయాలలో స్వామిసేవ చేసేవారు, అర్చకులు, ధర్మకర్తలు ఈ ఋణాన్ని ముందుగా అంగీకరించాలి. నిరసన ధర్మవిరుద్ధమనేవారు ఆ తలుపులు మూసి ఉంచడమే ధర్మమని చెప్పగలరా?

అయితే రెండవ పక్షానికి కూడ సమాధానం చెప్పవలసి ఉన్నది. నిరసన అనగానే బస్సుల అద్దాలు పగులగొట్టడం, రైళ్ళను తగులబెట్టడం, దారినపోయేవారిని హింసించడం తమ హక్కని భావించేవారు ఉన్నారు. రాజ్యాంగంలోని 19వ అధికరణం పౌరులకు శాంతియుతంగా, నిరాయుధంగా సమావేశమయ్యే హక్కును ప్రసాదించింది. ఆ రెండు విశేషణాలను తుడిచివేసి హక్కును మాత్రమే పట్టుకోవడం వంచన. ప్రజాధనం దేవద్రవ్యం వంటిది. దానిని దగ్ధం చేసినవాడు తన పొరుగువాని చెమటను దగ్ధం చేసినట్లే. 1922 ఫిబ్రవరిలో చౌరీచౌరాలో ఆందోళనకారులు పోలీసులను సజీవదహనం చేసినప్పుడు, దేశమంతటా ఉద్ధృతంగా సాగుతున్న సహాయనిరాకరణాన్ని గాంధీజీ నిలిపివేశారు. అనుచరులెందరో ఆగ్రహించారు. అయినా ఆయన వెనుకాడలేదు. తన పక్షంలోని పాపాన్ని చూడగలిగినవానికే ఎదుటిపక్షాన్ని విమర్శించే అర్హత ఉంటుంది.

ఆ అర్హతకు మచ్చుతునక చీరాల–పేరాల ఉద్యమం. రెండు గ్రామాలను కలిపి పురపాలక సంఘంగా చేసి, ప్రజలపై మోయలేని పన్నులు వేసినప్పుడు, 1921లో దుగ్గిరాల గోపాలకృష్ణయ్య నాయకత్వంలో జనం ఇళ్ళు విడిచి ఊరి వెలుపల రామనగరమనే పేరుతో పాకలు వేసుకొని మాసాల తరబడి నివసించారు. ఆయన స్థాపించిన స్వచ్ఛందదళం పేరు రామదండు. ఎవరి ఇల్లూ కాల్చలేదు, తమ ఇళ్ళనే విడిచారు. ఎండకూ వానకూ తామే ఓర్చుకొన్నారు. నిరసన తపస్సుగా మారడమంటే ఇదే. కష్టాన్ని తానే భరించేవాడు తపస్వి, దానిని పరుల నెత్తిన రుద్దేవాడు పీడకుడు.

పాలకుల దోషాన్ని కూడ దాచరాదు. 1952 అక్టోబరు 19న మద్రాసులో ప్రారంభమైన శ్రీరాములుగారి దీక్ష డిసెంబరు 15న ఆయన ప్రాణత్యాగంతో ముగిసింది. అన్ని దినాలు ఒక సాత్త్వికుడు కృశిస్తుంటే ప్రభుత్వం తాత్సారం చేసింది. ఆయన మరణంతో ఆంధ్రప్రాంతం అట్టుడికింది, విధ్వంసం జరిగింది, పోలీసు కాల్పులలో ప్రాణాలు పోయాయి. డిసెంబరు 19న ప్రధాని రాష్ట్రప్రకటన చేశారు. సౌమ్యుని మొరను దాదాపు రెండు మాసాలు ఆలకించక, ఊళ్ళు మండిన తరువాత నాలుగు దినాలలో కదిలిన ప్రభుత్వం ప్రజలకు ఏ పాఠం నేర్పినట్లు? శాంతంగా అడిగినవానికి చెవి ఒగ్గని పాలకుడు తనకు తెలియకుండానే హింసకు గురువవుతాడు. తరువాత రోడ్ల మీద మంటలు చూసి ప్రజలను నిందించడం సగం న్యాయమే.

కనుక సాధకుడు నిరసనను నిరాకరించవలసిన పనిలేదు, పరీక్షించవలసి ఉన్నది. ఈ కోరిక ఒక వర్గపు లాభానికా, లోకహితానికా? ముందుగా సామమార్గాన్ని ప్రయత్నించారా? చెప్పే మాట సత్యమేనా? కష్టాన్ని ఎవరు మోస్తున్నారు? తన పక్షం అధికారంలో ఉన్నప్పుడు కూడ ఇదే మాట అనగలరా? చివరి ప్రశ్న వద్దనే అనేకుల ధర్మాగ్రహం చల్లబడిపోతుంది. పార్టీ మారగానే స్వరం మారితే అది పక్షపాతమే గాని ధర్మనిష్ఠ కానేరదు.

భక్తునికి ఈ విచారమంతా ఎందుకని అడిగేవారికి ప్రహ్లాదుడే ఉత్తరం. ఆయన తండ్రి ఆజ్ఞను తిరస్కరించాడు, ఆ తండ్రి రాజు కూడ. అగ్నిలో త్రోసినా, ఏనుగులతో త్రొక్కించినా మాట మార్చుకోలేదు. ప్రతిహింసకు దిగలేదు. నృసింహస్వామి ప్రత్యక్షమై వరమిస్తానన్నప్పుడు, తనను హింసించిన తండ్రి పాపవిముక్తుడు కావాలని ప్రార్థించాడు. అణుమాత్రం లొంగని అసమ్మతి, అణుమాత్రం లేని ద్వేషం ఒకే హృదయంలో ఉండగలవని ఆ బాలుడు నిరూపించాడు. ఎదిరించినవాని క్షేమాన్ని కూడ కోరగలిగిననాడు నిరసన ఆరాధనతో సమానమవుతుంది. ఆ స్థాయిని అందుకోలేకపోయినా, దానివైపు నడవడం ప్రతి ఆస్తికుని విధి. అన్యాయం ఎదుట మౌనం దాల్చి దానికి భక్తి అని పేరు పెట్టడం మాత్రం ప్రహ్లాదుని నిత్యం స్మరించేవారికి తగదు.

స్వస్తి.