విద్యకై యిచ్చిన భూమి

రైతు తన సొంత మాగాణిలో వరి నాటినను, చెఱకు నాటినను, కౌలున కిచ్చినను, అమ్మినను అడుగువారు లేరు. కళాశాల యాజమాన్యము తన యావరణములోని భూమినిగూర్చి అదే స్వాతంత్ర్యము కోరుచున్నది. ఈ కోరికయే నేడు న్యాయస్థానములలో నడచుచున్న పెక్కు వ్యాజ్యములకు మూలము. ఇది న్యాయమైన కోరిక కాదని మా యభిప్రాయము.

ప్రైవేటు కళాశాలకు భూమి సామాన్యముగా మూడు మార్గముల వచ్చును. దాత దానపత్రము వ్రాసి యిచ్చును. ప్రభుత్వము స్వల్పమైన వెలకు కేటాయించును. లేదా విద్యార్థుల రుసుములతోను విరాళములతోను సంఘము కొనును. మూడింటను ప్రజల సొమ్మో, ప్రజల నమ్మకమో కలదు. కాబట్టి యాజమాన్యమువారు ఆ భూమికి కావలివారే గాని స్వాములు గారు.

తెలుగుదేశమున విద్యకై ఆస్తినిచ్చుట క్రొత్త ధర్మము కాదు. 1910లో బందరున ఆంధ్ర జాతీయ కళాశాల దేశభక్తుల త్యాగముచేత వెలసినది. 1958లో విజయనగరమున శ్రీ పూసపాటి విజయరామ గజపతిరాజుగారు మాన్సాస్ ధర్మసంస్థను నెలకొల్పి, విద్యాలయముల పోషణకై వేల యెకరముల కాధారము కల్పించిరి. అట్టి సంస్థకు అధ్యక్షులెవరను విషయమున 2020లో ప్రభుత్వము ఉత్తరువు లిచ్చుటయు, 2021 జూనులో హైకోర్టు వానిని కొట్టివేయుటయు పాఠకు లెఱుగుదురు. విద్యకై భూమి యెంత విస్తారముగా నున్నదో, దాని పెత్తనమునకై పోరును అంత తీవ్రముగా నుండును.

న్యాయస్థానములు ఈ విషయమున చెప్పిన మాట స్పష్టమైనది. 2004లో మోడరన్ స్కూలు వ్యాజ్యమున సుప్రీముకోర్టు, ప్రభుత్వభూమి పొందిన ఢిల్లీ పాఠశాలలు కేటాయింపు షరతులను పాటించుచున్నవో లేవో విచారింపుమని విద్యాశాఖాధికారిని ఆదేశించినది. పూర్వానుమతి లేక రుసుము పెంచరాదను షరతుతో భూమి పొందిన పాఠశాలలు దానికి కట్టుబడవలసినదేయని 2016లో ఢిల్లీ హైకోర్టు తీర్పు చెప్పినది. ఆ నగరముననే చౌకగా భూమి పొందిన ఆసుపత్రులు లోపలి రోగులలో నూటికి పదిమందికి, వెలుపలి రోగులలో నూటికి ఇరువదియైదుగురికి ఉచితవైద్యము చేయవలెనని 2018లో సుప్రీముకోర్టు నిర్ణయించినది. పాఠశాలకును ఆసుపత్రికిని వర్తించిన నీతి కళాశాలకు వర్తింపకపోవునా? ప్రజల భూమిని తీసికొన్నవాడు ప్రజలకు బాకీపడినవాడే.

ఇక గ్రామముల సంగతి. చెఱువు శిఖములను, పోరంబోకులను, పశువుల బీళ్లను ఆక్రమించినవారిని తొలగింపుడని 2011 జనవరిలో జగ్పాల్ సింగు వ్యాజ్యమున సుప్రీముకోర్టు రాష్ట్రముల నన్నిటిని ఆదేశించినది. అయితే బీదలకు పట్టా లిచ్చిన భూములను, అప్పటికే పాఠశాలయో వైద్యశాలయో యున్న స్థలములను అరుదైన మినహాయింపుగా పేర్కొన్నది. ఊరిపిల్లలకు అక్షరములు నేర్పు బడికై కల్పించిన ఈ దయను, లక్షల రుసుము పుచ్చుకొను కళాశాలలు తమకు డాలుగా పట్టుకొనరాదు. శిఖములో గట్టిన భవనము చెఱువును కుదించును. వానకాలమున నీరు పైపొలములను ముంచును. వేసవిలో తూము క్రింద ఆయకట్టు ఎండును. ఒకరి కొడుకు చదువునకై మఱియొకరి పైరు ఎండవలయునా?

యాజమాన్యములవారి వాదమును వినకుండ త్రోసివేయుట ధర్మము కాదు. ప్రభుత్వపు గ్రాంటు చాలదనియు, రోడ్డువైపు నాలుగు దుకాణములు కట్టి అద్దె కిచ్చిననే ఉపాధ్యాయుల జీతములు గడచుననియు వారందురు. దానపత్రము అంగీకరించి, అద్దె పైసతో సహా కళాశాల లెక్కలలో చేరినచో మాకు ఆక్షేపణ లేదు. స్వల్పమైన అద్దెకు దీర్ఘకాలపు కౌళ్లు వ్రాయించుకొని, ఆ లాభము పాలకుల బంధువులు అనుభవించుటకే మా యాక్షేపణ. ఆటస్థలము వివాహమంటపముగా మాఱిన చోట విద్యార్థికి మిగులునది యేమి?

ప్రభుత్వమునకును కొంత చెప్పవలసియున్నది. 2020 అక్టోబరులో విశాఖపట్టణమున ఒక ప్రైవేటు విశ్వవిద్యాలయము ప్రభుత్వభూమి నాక్రమించినదని అధికారులు తెల్లవాఱుజామున ప్రహరీగోడలు కూల్చిరి. హైకోర్టు తదుపరి కూల్చివేతను నిలిపివేసినది. ఆక్రమణ నిజమైనచో నోటీసిచ్చి, సర్వే చేసి, పట్టపగలు తీసికొనవచ్చును. విరోధి సంస్థపై యంత్రమును పంపి, అనుకూల సంస్థ ఆక్రమణను క్రమబద్ధము చేయు పరిపాలనయందు ప్రజలకు విశ్వాస ముండదు. చట్టము మనుష్యుని మొగము చూచి మాఱరాదు.

కావున మూడు పనులు జరుగవలయును. మొదటిది, ప్రతి కళాశాలయు తన భూమి విస్తీర్ణమును, సర్వే నంబర్లను, దానపు లేక కేటాయింపు షరతులను తన ద్వారమువద్ద తెలుగున ప్రకటింపవలెను. రెండవది, జిల్లా కలెక్టరు ఏటేట వానిని తనిఖీ చేసి ఫలితమును వెల్లడింపవలెను. మూడవది, వ్యాజ్యము నడచుచుండగా విద్యార్థుల చదువునకు భంగము కలుగకుండ కోర్టులు కాపాడవలెను. భూమి తిరిగి రావచ్చును గాని పోయిన విద్యాసంవత్సరము రాదు.

ప్రజల చేతిలోను ఆయుధము లేకపోలేదు. 2005 నాటి సమాచారహక్కు చట్టము క్రింద కేటాయింపు ఉత్తరువుల నకళ్లు కోరవచ్చును. దేవాదాయచట్టము క్రిందకు రాని ధర్మనిధుల విషయమున సివిల్ ప్రొసీజరు కోడు 92వ సెక్షను ప్రకారము, ఆ ధర్మమునందు ఆసక్తిగల యిద్దరు పౌరులు కోర్టు అనుమతితో దావా వేసి, లెక్కలు చూపుమనియు, ధర్మము తప్పిన ధర్మకర్తలను తొలగింపుమనియు కోరవచ్చును. ఊరికి ఇద్దరు చాలును. తాతలు భూమినిచ్చి విద్య నిలిపిరి. ఆ భూమిని కనిపెట్టియుండు పాటి శ్రమయైనను మనుమలు పడకున్నచో, దాన మిచ్చిన చేతులకు మనము చేయు అపచారము మఱియొకటి లేదు.