రెట్టింపు సరే, దేనికి రెట్టింపు?

‘‘ప్రభుత్వ విలువకు రెట్టింపు ఇస్తుంటే ఇంకా గొడవెందుకు?’’ భూసేకరణ గ్రామసభల్లో మైకు పట్టుకున్న ప్రతివారి నోటా ఈ మాటే. అమరావతి రెండో విడతకు ఏడు ఊళ్లలో 16 వేలకు పైగా ఎకరాలు కావాలట. ఎర్రుపాలెం–నంబూరు రైలు మార్గానికి భూమి కావాలి, అవుటర్ రింగ్ రోడ్డుకూ కావాలి. బెంగళూరు నుంచి వచ్చే ఎక్స్‌ప్రెస్‌వేకేమో అద్దంకి దగ్గర ముప్పవరం దాకా నేల కావలసి వచ్చింది. గుంటూరు, ప్రకాశం నల్లరేగడి రైతులు ఈ రెట్టింపు మాట ఇంకా చాలాకాలం వినాల్సిందే. అందుకే ఆ లెక్క ఏమిటో ముందు తేల్చుకోవాలి.

2013 భూసేకరణ చట్టం కాగితం మీద చాలా ఉదారమైనది. రిజిస్ట్రేషన్ శాఖ పెట్టిన విలువ ఒకటి. గత మూడేళ్లలో చుట్టుపక్కల జరిగిన అమ్మకాల్లో ఎక్కువ ధర పలికిన సగం దస్తావేజుల సగటు మరొకటి. వీటిలో ఏది ఎక్కువైతే దాన్ని తీసుకోవాలి. పల్లెల్లో దాన్ని ఒకటి నుంచి రెండు దాకా ఉండే గుణకంతో హెచ్చించాలి. చెట్లు, బోర్ల విలువ కలిపి, మొత్తానికి నూటికి నూరు సొలేషియం (అదనపు పరిహారం) ఇవ్వాలి. 1894 చట్టం కింద చివరి రోజుల్లో కూడా సొలేషియం 30 శాతమే. ఆ లెక్కన ఇది మేలే, కాదనలేం.

కానీ పునాదిలో ఉన్నది దస్తావేజు. మన జిల్లాల్లో దస్తావేజులో అసలు ధర రాసే అలవాటు ఎవరికుంది? ఎకరం 30 లక్షలు పలికే మిర్చి నేలను కాగితం మీద 8 లక్షలకు రాసుకున్నారనుకుందాం. గుణకం ఒకటింబావు వేస్తే 10 లక్షలు, సొలేషియం కలిపితే 20. చట్టం ప్రకారం పైన కలిసే ఏడాదికి 12 శాతం అదనపు మొత్తం వేరు. ‘రెట్టింపు’ పరిహారం అందాక కూడా బజారు ధరకు లక్షలు తక్కువ. ఆ డబ్బుతో పక్క ఊళ్లో అదే రకం ఎకరం రాదు.

‘‘తక్కువ రాయించుకున్నది వాళ్లే కదా’’ అని తప్పు రైతు మీదకు నెట్టడం అధికారులకు సులువు. రాష్ట్రంలో రిజిస్ట్రేషన్ ఖర్చు ఏడున్నర శాతం. దాన్ని కట్టేది కొనేవాడు. పల్లెలోని వ్యవసాయ భూమి అమ్మితే వచ్చిన లాభం మీద రైతుకు ఆదాయపు పన్నే లేదు. అంటే ధర తగ్గించి రాయడం వల్ల అమ్మినవాడికి ఒరిగేదేమీ లేదు. లాభమంతా సంచిలో నోట్ల కట్టలు తెచ్చి, మిగతాది చేతిలో పెట్టినవాడిది. నష్టపోయేది మాత్రం ఏ అమ్మకంతోనూ సంబంధం లేకుండా, తాతల నాటి చేలో పత్తి తీసుకుంటున్న పక్క రైతు. ఇరుగుపొరుగు రాసుకున్న అబద్ధం అతని పొలానికి ధర కట్టింది.

దీనికి విరుగుడు ఆ చట్టంలోనే ఉంది. సేకరణ మొదలుపెట్టక ముందే కలెక్టర్ ఆ ప్రాంతపు భూముల విలువను బజారు ధరకు తగ్గట్టు సవరించాలని 26వ సెక్షన్ చెబుతోంది. నోటిఫికేషన్ తేదీని గుర్తుపెట్టుకున్నంత శ్రద్ధగా ఈ నిబంధనను గుర్తుపెట్టుకునేవారు తక్కువ.

రికార్డు తంటా ఇంకొకటి. చేలో డ్రిప్పు పైపులు పరిచి ఉంటాయి, గట్టున బోరు ఆడుతుంటుంది, మొక్కల కింద మల్చింగ్ షీటు మెరుస్తుంటుంది. అడంగల్‌లో మాత్రం అది ‘మెట్ట’. ధర కట్టేటప్పుడు బలం అడంగల్‌దే. రోడ్డు మధ్యలోంచి పోయి పొలం రెండు ముక్కలైతే, అవతలి అరెకరానికి ట్రాక్టరు దారి ఉండదు. పొలం ముక్కలైనందుకూ నష్టం కట్టమని చట్టం చెబుతోంది. అది అడిగి రాయించుకోవాలని తెలిసిన రైతులు ఎంతమంది?

జాతీయ రహదారులది మరీ అన్యాయం. వాటికి భూములిచ్చినవారికి 1997 సవరణతో సొలేషియమే లేకుండా పోయింది. ఆ పక్షపాతం చెల్లదని తర్సేమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పేసరికి 2019 వచ్చింది.

ఇంత మాట్లాడినా ఇదంతా పట్టాదారు గోలే. గుంటూరు, ప్రకాశం పొలాల్లో మిర్చి నారు నాటేది, నల్లికి మందు కొట్టేది, కళ్లంలో కాయ ఆరబెట్టి టిక్కీలు యార్డుకు తోలేది చాలాచోట్ల కౌలు రైతు. ఎకరాకు లక్ష దాటే పెట్టుబడి అతనిది. సేకరణకు మూడేళ్ల ముందు నుంచీ ఆ నేల మీదే బతుకుతున్న కౌలుదారు, పాలికాపు కూడా బాధిత కుటుంబమేనని 2013 చట్టం ఒప్పుకుంది. రుజువు చేసుకోవడమే గండం. 2019 పంట సాగుదారుల హక్కుల చట్టం ఇచ్చే కార్డు 11 నెలలకే చెల్లుతుంది. దానికి యజమాని సంతకం కావాలి. కార్డు ఇస్తే భూమి మీద హక్కు అడుగుతాడేమోనన్న భయంతో ఆ సంతకం పడదు. మూడేళ్ల సాగుకు 11 నెలల కాగితమైనా లేనివాడు గ్రామసభలో ఏ వరుసలో కూర్చోవాలి?

అమరావతి మొదటి విడత భూసమీకరణలో దీనికి జవాబు దొరికింది. భూమి ఇచ్చినవారికి ఎకరానికి మెట్ట అయితే ఏటా 30 వేలు, జరీబు అయితే 50 వేలు మొదలుకొని ఏటేటా పెరిగే కౌలు. దానితోపాటు స్థలాలు. ఆ మాట నిలబెట్టించుకోవడానికి భూమి ఇచ్చినవాళ్లూ నానా తిప్పలు పడ్డారు, మాట నిలబెట్టుకోమని ప్రభుత్వానికి హైకోర్టు 2022 మార్చిలో చెప్పాల్సి వచ్చింది. నిజంగా కౌలు చేసినవాడి పేరు మాత్రం ఆ పట్టికలో లేదు. అతనికి దక్కితే గిక్కితే భూమిలేని పేదల కింద మొదట్లో నెలకు 2,500 పింఛను. ఐదెకరాల పత్తి చేసినవాడికీ, ఆ పత్తి తీసిన కూలీకీ అంతే.

కొత్త ఏడు ఊళ్లలో సంతకాలు తీసుకునేటప్పుడు పాసుపుస్తకం పక్కన ఇంకో పుస్తకం తెరవాలి. చేలో పంట ఉండగానే వెళ్లి, సాగు చేస్తున్నవాడి పేరు అడిగి అందులో రాసుకోవాలి. వేసవిలో వెళితే పంటా కనపడదు, మనిషీ కనపడడు.