సంపాదకుని మాట: ఒకే ఇంటి ముందు నిలిచే కెమెరా

విశాఖలోని రుషికొండ తీరానికి 2020లో, శుభ్రమైన తీరాలకిచ్చే బ్లూ ఫ్లాగ్ అంతర్జాతీయ గుర్తింపు వచ్చింది. ఆ ఇసుకనీ కెరటాల్నీ పైనుంచి తీసే డ్రోన్లకు కొదవ లేదు. అదే ఒడ్డున వల బాగుచేసుకునే జాలరి ఇంట్లో రోజు ఎలా గడుస్తుందో చూపే చిత్రం కోసం మాత్రం వెతుక్కోవాలి. అలాంటి చిత్రం ఎలా తీయాలో చూపిన వారున్నారు. ఇండోనేషియా మూలాలున్న డచ్ దర్శకుడు లియొనార్డ్ రెటెల్ హెల్మ్‌రిచ్ జకార్తాలోని ఒకే కుటుంబాన్ని పన్నెండేళ్లపాటు అనుసరించి 2001, 2004, 2010లలో మూడు డాక్యుమెంటరీలు అందించారు. ఇండోనేషియా అధ్యక్షుడు సుహార్తో దిగిపోయాక వచ్చిన కల్లోలం, ఒకే ఇంట్లో రెండు మతాలు, మనవరాలి చదువు ఖర్చు, అన్నీ ఆ ఇంటి మాటల్లోంచే తెలుస్తాయి.

మన పేటల్లో అంత కథ ఉందా అనేవారికి 2018లో వచ్చిన ‘కేరాఫ్ కంచరపాలెం’ సినిమా జవాబు. అది కల్పితమే. అయినా దర్శకుడు వెంకటేశ్ మహా విశాఖలోని కంచరపాలెం పేట మనుషుల్నే నటింపజేసి, విశాఖ ముఖాలకు తెరను నిలబెట్టే బలముందని చూపారు. డాక్యుమెంటరీలోనూ కెమెరా ముందు ఎవరైనా నటిస్తారు కదా అంటారు. నిజమే, కొన్నాళ్లు నటిస్తారు. ఏళ్ల తరబడి నటించడం ఎవరి తరమూ కాదు. పేదరికాన్ని అమ్ముకుంటున్నారనే అభ్యంతరం ఇంకా బరువైనది. మనస్ఫూర్తిగా ఇచ్చిన అనుమతి ఉండాలి, తీసింది ముందు ఆ ఇంటివాళ్లకే చూపాలి. ఈ రెండూ లేని చిత్రాన్ని నేను సమర్థించను.

విశాఖ యువ దర్శకులారా, ఒక ఇంటిని ఎంచుకోండి, ఓపిగ్గా అక్కడే ఉండండి. మీ చిత్రాలకు ఈ పత్రికలో చోటుంటుంది.