రెండు దినముల యాత్ర

సెలవులు రెండు దినములు కలసి వచ్చినంతనే పట్టణవాసి మనస్సు సముద్రతీరములకో, చలువ కొండలకో, పొరుగు రాష్ట్రముల రాజధానులకో పరుగెత్తుట పరిపాటి యైనది. ఆ ఆలోచనలో కరీంనగరము, ఆదిలాబాదు అను పేర్లు తట్టుట అరుదు. మొదటిది రాళ్లకును, రెండవది అడవులకును ప్రసిద్ధములని మాత్రమే పలువురి యెరుక. హైదరాబాదునకు సుమారు 160 కిలోమీటర్ల దూరముననున్న కరీంనగరము మీదుగా పోవువారు వేలకొలది కలరు. ఆగి చూచువారు కొలదిమంది. అచట చూడదగిన దేమున్నదని వారి ప్రశ్న.

ఆ ప్రశ్నకు మొదటి సమాధానము కురిక్యాలలో నున్నది. గంగాధర సమీపమున బొమ్మలమ్మగుట్ట యను రాతికొండపై జైనశిల్పములును, వానితోపాటు ఒక శాసనమును కలవు. వేములవాడ చాళుక్యుడైన రెండవ అరికేసరి ఆస్థానమున వెలసిన కన్నడ మహాకవి పంపని తమ్ముడు జినవల్లభుడు పదవ శతాబ్దమున దానిని చెక్కించెను. సంస్కృత కన్నడములతోపాటు తెలుగును అందు చోటుచేసికొన్నది. ఆ తెలుగు భాగము కందపద్యములలో నున్నది. నన్నయ భారతమునకు సుమారు నూరేండ్ల ముందే కందము ఈ నేలపై నడక నేర్చినదని చెప్పుటకు ఇంతకన్న గట్టి సాక్ష్య మేమి కావలెను? 2008లో తెలుగునకు ప్రాచీనభాషా ప్రతిపత్తి లభించినపుడు పండుగ చేసికొన్నవారిలో ఎందరు ఆ గుట్ట నెక్కిరి?

ఇది కేవలము అభిమానమునకు సంబంధించిన మాట కాదు. ఆ ప్రాంతమంతయు గ్రానైటు తవ్వకములకు నెలవు. ఎవరును రాని గుట్ట, లెక్కలు వేయువాని కంటికి ఇన్ని ఘనపు మీటర్ల రాయిగా మాత్రమే కనిపించును. వారమునకు నలుగురైనను బిడ్డలతో వచ్చి చూచు గుట్టపై చేయి వేయుటకు ఎంతవాడైనను జంకును. శాసనమునకు శాఖవారి బోర్డు ఎంత రక్షయో, చూడవచ్చువారి అడుగులును అంత రక్షయే.

కావున రెండు దినముల యాత్రను సంకల్పించువారు మొదట చేయవలసినది జాబితాను పెంచుట కాదు, తగ్గించుట. ఒక దినమున పది స్థలములు చూడబూనినవానికి జ్ఞాపకము మిగులునది ప్రయాణపు బడలిక మాత్రమే. ఉదయము ఎండ ముదురకముందు మానేటి యొడ్డున ఎలగందుల కోట నెక్కవచ్చును. కాకతీయుల నుండి ఆసఫ్‌జాహీల వరకు చేతులు మారిన కోట యది; కరీంనగరము వృద్ధిలోనికి రాకముందు జిల్లాకు ముఖ్యస్థానము ఆ యూరే. పిమ్మట కురిక్యాల. సాయంకాలము నగరములో వెండితీగె పనివారి యిండ్లు. మరునాడు వేములవాడ రాజన్న సన్నిధి, దాని చేరువనే సి. నారాయణరెడ్డి జన్మించిన హనుమాజీపేట. విశ్వనాథ సత్యనారాయణ 1959 నుండి 1961 వరకు కరీంనగరము కళాశాలకు ప్రధానాచార్యులుగా నుండిరి. తెలుగునకు మొదటి జ్ఞానపీఠమును తెచ్చిన కవియు, రెండవదానిని తెచ్చిన కవియు తమ అడుగుజాడలుంచిన జిల్లా యిది యన్నమాట.

వెండితీగె పని చూచినగాని నమ్మదగినది కాదు. వెండిని వెండ్రుకవంటి తీగెగా సాగదీసి, రెండు తీగెలను మెలివేసి, చట్రములో ఆకులు పూవులుగా నింపి అతికింతురు. పన్నీరుబుడ్డియో, భరిణయో ముగియుటకు దినములు పట్టును. 2007లో ఈ పనికి భౌగోళిక గుర్తింపు లభించినది. గుర్తింపు గౌరవము నిచ్చును గాని అన్నము పెట్టదు, కొనువాడు పెట్టవలెను. చేయువాని చేతినుండియే కొన్న చిన్న వస్తువు, నగరపు దుకాణములో బేరమాడి కొన్న పెద్ద వస్తువుకన్న ఆ వృత్తిని ఎక్కువకాలము నిలుపును.

భోజనము మాటయు నిట్టిదే. హోటళ్లలో దొరకునది హైదరాబాదులో దొరకు బిర్యానియే. ఈ సీమ రుచి సర్వపిండిలో, సంక్రాంతికి గుడ్డపై చుట్లుగా చుట్టి కాల్చు సకినాలలో, మక్కగారెలలో, జొన్నరొట్టెలో, అంబలిలో నున్నది. ఇవి యిండ్లలో బ్రదికియున్నవి. పూటకూటి యిండ్లలో అరుదు. అడుగువారు లేనందున వండువారును లేరు. పది మంది బాటసారులు అడిగినచో పదునొకండవవానికి సర్వపిండి సిద్ధముగా నుండును. ఉట్నూరులో ఆదివాసి స్త్రీలు సంఘముగా నేర్పడి ఇప్పపూల లడ్డు చేసి యమ్ముట ఇందులకు మంచి యుదాహరణము.

ఆదిలాబాదునకు వేరొక యాత్ర కావలెను. వానలు వెలిసిన వెంటనే పోవుట మేలు. కడెము నదిపై కుంతల జలపాతము నిండుగా నుండును. ఆ సొగసును దూరమునుండి చూచుటయే క్షేమము; క్రింది మడుగులలో దిగి ప్రాణములు పోగొట్టుకొన్నవారు కలరు. నిర్మలలో పొణికి కర్రయు, చింతగింజల జిగురును, రంపపు పొట్టును బొమ్మలగు విధము చూడవచ్చును. ఉషేగాములో ఓజులు మైనపు అచ్చుతో పోతపోయు ఇత్తడి బొమ్మలకు 2018లో గుర్తింపు లభించినది.

గోండు గూడెములకు పోవువారికి ఒక్క హెచ్చరిక. పుష్య అమావాస్యనాడు కేస్లాపురమున మెస్రం వంశమువారు కాలినడకను తెచ్చిన గోదావరి జలముతో నాగోబాను అభిషేకించుట ప్రదర్శన కాదు, పూజ. క్రొత్తకోడండ్రను దేవుని యెదుటికి కొనివచ్చుట వారి యింటి శుభకార్యము. దీపావళి వేళ గుస్సాడి యాడు యువకుడు వేషగాడు కాడు, వ్రతములో నున్నవాడు. ఆ నృత్యమునకు జీవితము ధారపోసిన మార్లవాయి కనకరాజునకు 2021లో పద్మశ్రీ లభించెను. 2024లో ఆయన కన్నుమూసెను. 1940లో జోడెఘాటున కొమరం భీము నేలకొరిగిన పిమ్మట గోండుల స్థితిగతులను పరిశీలింపవచ్చిన హైమెన్‌డార్ఫు, అదే మార్లవాయిలో వారి నడుమ నివసించి వారిని తెలిసికొనెను. నేటి బాటసారికి అంత తీరిక లేదు. కాని అనుమతి అడుగకుండ ఫోనెత్తి ముఖములు పట్టకుండుటకు తీరిక అక్కరలేదు, సంస్కార మున్న చాలును.

ప్రభుత్వము చేయవలసిన పనియు కలదు. 2016లో పాత ఆదిలాబాదు నాలుగు జిల్లాలైనది. పాత కరీంనగరము నుండియు జగిత్యాల, పెద్దపల్లి, సిరిసిల్ల వేరైనవి. పాలనకు సరిహద్దు లవసరమే గాని యాత్రికునకు కావు. ఈ సీమ నంతటిని ఒకటిగా చూపు చిన్నపుస్తకము తెలుగులో, కురిక్యాలకు త్రోవచూపు పలక, శుభ్రమైన మరుగుదొడ్డి, శాసనము చదివి చెప్పగల స్థానిక యువకుడు — వీనికి కోట్లు అక్కరలేదు. గుట్టచుట్టును తవ్వకములకు దాటరాని హద్దు మాత్రము తప్పక కావలెను.

దూరదేశముల వింతలు కొంతకాలము ఆగగలవు. రాతిమీది కందము పోయినచో మరల రాదు. వెండితీగె నేర్చిన చేయి మరచినచో తిరిగి నేర్పువారుండరు. రానున్న సెలవులలో ఒక్క రెండు దినము లిటు మళ్లించుట విహారమే కాదు, విధి కూడ.