తేనెటీగ త్రోవకు గట్లు లేవు



గుమ్మడిపాదు విరగబూచియు పిందె నిలువక రాలిపోయినపుడు మనము తెగులని యెంచి మఱియొక మందు చల్లుదుము. పెక్కు తడవలు లోపము పాదునందు గాక, పువ్వునకు రావలసిన తేనెటీగ రాకపోవుటయం దుండును. గుమ్మడికి పోతుపువ్వు వేఱు, ఆడుపువ్వు వేఱు. ఒకదాని పుప్పొడి రెండవదానికి చేర్చు కూలివాడు తేనెటీగయే. ఆ కూలివాడు దారి తప్పకుండ చూచుట ఒక్కరి పని గాదు; సంఘమంతయు పూనవలసిన పని యని నా అభిప్రాయము.

తేనెటీగ త్రోవ నెఱుగు విధము విన్న నాశ్చర్యము గలుగును. పడుచు టీగ తొలిసారి వెలికి వచ్చినపుడు నేరుగా మేతకు పోదు. గూటివైపు మొగముంచి, ఇటునటు అర్ధవలయములుగా నెగురుచు, వాకిలిని, దగ్గఱి చెట్లను గుఱుతు పెట్టుకొనును. దూరము పోవునపుడు సూర్యుని బట్టి దిక్కు తెలిసికొనును. ప్రొద్దు కదలినకొలది లెక్క సవరించుకొనును. సూర్యుడు మబ్బు చాటున నున్నను, నీలాకాశము కొంచెము కనబడిన చాలును. మన కంటి కందని వెలుగు తీరు దాని కంటి కందును.

పూలతావు కనుగొన్న యీగ తోడి యీగలకు నాట్యముచే దానిని దెలుపును. నిలువుగా వ్రేలాడు పట్టుపై కడుపు నాడించుచు కొంత తిన్నగా నడచి, చుట్టి వచ్చి, మరల నట్లే నడచును. నేరుగా మీదికి నడచిన, సూర్యుని వైపునకు పొమ్మని యర్థము. కుడికి ఎంత యొరిగిన, సూర్యునికి కుడిగా నంత తొలగి పొమ్మని యర్థము. నడక యెంతసేపు సాగునో దూరమును తదనుగుణముగా నుండును. ఈ భాషను చదివిన కార్ల్ ఫాన్ ఫ్రిష్ అను ఆస్ట్రియా పండితుడు 1973లో మఱి యిద్దఱితో గలిసి నోబెల్ బహుమానము నందెను. మన పుట్టతేనెటీగయు చీకటి తొఱ్ఱలో ఈ నాట్యమే యాడును.

ఇంత విద్యను మందు చెఱుపగలదు. 2012లో ఫ్రాన్సు పరిశోధకులు తేనెటీగల వీపులపై సూక్ష్మమైన రేడియో చీటీలంటించి, చంపజాలనంత కొలదిగా థయామెథాక్సామ్ మందును వానికి త్రావించి విడిచిరి. మందు త్రాగని వానికంటె త్రాగినవి గూటికి చేరక పోవుట హెచ్చయ్యెను. 2018లో ఐరోపా సమాఖ్య ఈ మందును, ఇమిడాక్లోప్రిడ్, క్లోథియానిడిన్‌లను ఆరుబయటి పైరులకు వాడరాదని నిషేధించెను. మన ప్రాంతమున ఇమిడాక్లోప్రిడ్, థయామెథాక్సామ్ వాడుకలోనే యున్నవి. చచ్చిన యీగ కంటబడును. దారి తప్పినది కంటబడదు. నష్టము మనకు తెలియకుండుట కిదియే కారణము.

"పురుగు ఆగునా? కూలీలు ఉదయమే గదా దొరకుదురు?" అని కొందఱందురు. న్యాయమైన మాటయే. ఒక్క రైతు సాయంకాలపు కూలికై తిరిగిన కష్టమే. అందుచేతనే సంఘము పూనవలెనని చెప్పుచున్నాను. పదుగురు కలిసి ఒకే సాయంకాలమున పని యేర్పఱచుకొనిన కూలీలు దొరకుదురు, చల్లు యంత్రమును వంతులవారీగా తిరుగును. మఱియు నేనొక్కడను మానిన ఫలమేమి? తేనెటీగ నా గట్టు దాటి పొరుగు చేనికి పోవును. పొరుగువాడు చల్లిన మందు నా పిందెను రాల్చును.

కావున సభ్యులు ఈ కట్టుబాట్లు చేసికొనవలెను. పూత గల పైరుపై ఉదయమున మందు చల్లరాదు; తప్పనిచో ప్రొద్దు గ్రుంకిన పిదప చల్లవలెను. బీర, సొర పువ్వులు సాయంకాలమున విచ్చును గనుక వానిపై ఆ వేళయు తగదు. పైన చెప్పిన మందులు మొక్క రసములో గలిసి మకరందమునకు ప్రాకును. కావున వేళ మార్చినను చాలదు, పూత కనబడినది మొదలు వానిని మానవలెను. చల్లుటకు ముందుదినమున ఊరిలో చాటింపు వేయించిన, పెట్టెలు గలవారు జాగ్రత్తపడుదురు. పెట్టెను పగటివేళ చేనిలోనే కొంచెము జరిపినను మేతకు పోయిన యీగలు పాత చోటికే వచ్చి తిరుగాడును. ఈగలన్నియు గూడు చేరిన రాత్రివేళనే కదల్పవలెను.

అప్పు, విత్తనము, ఎరువు కలిసి తెచ్చుకొను మనము ఈ కూలివానిని గూడ కలిసి కాపాడుకొనవలదా? రాబోవు సర్వసభ్య సమావేశమున ఈ విషయమును తీర్మానముగా ప్రవేశపెట్టుటకు సభ్యులు ముందునకు వత్తురుగాక.