సామ్రాజ్యం పోయింది, శిస్తు మిగిలింది

సామ్రాజ్యాల ప్రసక్తి వస్తే చాలు, మన బ్లాగ్లోకం రెండు శిబిరాలుగా చీలిపోతుంది. ఒక శిబిరానికి రాయలవారి కాలం స్వర్ణయుగం. అంగళ్ళలో రత్నాలు రాశులు పోసి అమ్మిన ముచ్చట చెప్పకుండా అక్కడ ఏ టపా ముగియదు. రెండవ శిబిరానికి ఆంగ్లేయుడు రాకపోయి ఉంటే మనకు రైలు లేదు, బడి లేదు, చట్టం లేదు. వాదం ముదిరి వ్యాఖ్యలు నూరు దాటాక ఇరుపక్షాలూ అలసి, ఎవరి నమ్మకాన్ని వారు మూటగట్టుకొని ఇళ్ళకు చేరుకుంటారు.

ఈ రెండు శిబిరాల మీదా నాది ఒకటే అభియోగం. ఇద్దరూ సామ్రాజ్యాన్ని దాని కట్టడాలతో కొలుస్తున్నారు. ఒకరు గోపురం చూపిస్తారు, మరొకరు రైలు వంతెన చూపిస్తారు. ఆ గోపురానికీ, ఆ వంతెనకూ సొమ్ము ఎవరి గాదె నుంచి వచ్చింది? ఎవరు వసూలు చేశారు? ఏలినవాడు పోయాక ఆ వసూలు ఏర్పాటు ఏమయింది? ఈ మూడు ప్రశ్నలు ఇరుపక్షాలవారికీ తోచవు.

నా దృష్టిలో సామ్రాజ్యమంటే మొట్టమొదట ఒక వసూలు యంత్రం. ఎక్కడో దూరాన ఉన్న గద్దెకు ఇక్కడి పంటలో భాగం చేర్చే ఏర్పాటు. ఆ ఏర్పాటు చక్కగా కుదిరినంతకాలం సామ్రాజ్యం పెరుగుతుంది. నడుమ నిలిచినవాడు వసూలైనదాన్ని తానే ఉంచుకోవడం మొదలుపెట్టిన నాడు అది కూలుతుంది. కూలిన తరువాత కూడా యంత్రం చెడదు; కొత్త యజమాని చేతికి వెళుతుంది. ఇది చెప్పడానికి రోము దాకా ప్రయాణం అక్కరలేదు. మా అనకాపల్లి చాలు.

అనకాపల్లి పక్కనే శంకరం గ్రామం. అక్కడి బొజ్జన్నకొండ, లింగాలకొండల మీద 1907-08లో అలెగ్జాండర్ రీ తవ్వకాలు జరిపించాడు. దొరికిన నాణేలలో శాతవాహనుల కాలపు సీసపు నాణెం ఒకటి, సముద్రగుప్తుని బంగారు నాణెం ఒకటి, తూర్పు చాళుక్య విష్ణువర్ధనుని రాగి నాణేలు కొన్ని ఉన్నాయి. మూడు లోహాలు, మూడు రాజ్యాలు, ఒకే కొండ.

ఆ బంగారు నాణెం సంగతి చూడండి. అలహాబాదు స్తంభం మీద హరిషేణుడు రచించిన ప్రశస్తిలో, సముద్రగుప్తుడు దక్షిణాపథంలో ఓడించిన రాజుల పట్టిక ఒకటి ఉంది. అందులో దేవరాష్ట్రపు కుబేరుడు అనే పేరు కనిపిస్తుంది. దేవరాష్ట్రమంటే ఎలమంచిలి ప్రాంతమని చరిత్రకారులు గుర్తించారు. మా పొరుగున ఉన్న కశింకోట పేరిట ప్రసిద్ధమైన తూర్పు చాళుక్య భీముని రాగిరేకులు అందుకు ఆధారం. చక్రవర్తి ఈ దక్షిణాది రాజులను పట్టుకొని, విడిచిపెట్టి, అనుగ్రహించాడని ప్రశస్తి పొగుడుతుంది. పాఠ్యపుస్తకాలు దాన్ని ఔదార్యమన్నాయి. నాకు అందులో లెక్క కనిపిస్తుంది. గంగాతీరం నుంచి ఎలమంచిలిని ఏ రాజూ దినదినమూ పాలించలేడు. కుబేరుణ్ణి చంపితే ఆ స్థానంలో ఒకణ్ణి నిలపాలి, వాడికి సైన్యం ఇవ్వాలి. విడిచిపెడితే ఖర్చు లేదు, కీర్తి దక్కుతుంది. గ్రహించడం, విడవడం, కరుణించడం – సామ్రాజ్యాలు పెరిగే పద్ధతి ఈ మూడు మాటలలోనే ఉంది.

రాగి నాణేలు కథ చివరి భాగాన్ని చెబుతాయి. బాదామి చాళుక్య చక్రవర్తి రెండవ పులకేశి 7వ శతాబ్దంలో వేంగిని జయించి, తన సొంత తమ్ముడైన కుబ్జ విష్ణువర్ధనుణ్ణి ఇక్కడ ప్రతినిధిగా నిలిపాడు. అనతికాలంలోనే తమ్ముడి రాజ్యం వేరుపడి, శతాబ్దాలపాటు తూర్పు చాళుక్య రాజ్యంగా కొనసాగింది. విశ్వాసపాత్రుడైన సోదరుణ్ణి పంపినా సామ్రాజ్యం చీలిందంటే, లోపం మనుషుల గుణంలో లేదు; దూరాన కూర్చొని వసూలు చేసుకోవాలన్న ఏర్పాటులోనే ఉంది.

ఇంతకూ ఆ కొండ మీద చూడవలసినవి నాణేలు కావు. రాతిని తొలిచి నిలిపిన స్తూపాలు, వరుసలు వరుసలుగా ఉన్న చిన్న స్తూపాలు, గుహాలయాలు. వాటిని చెక్కినవారి పేర్లు మనకు తెలియవు. సంఘారామం శంకరమైందనీ, బుద్ధుని కొండ బొజ్జన్నకొండ అయిందనీ చెబుతారు. పేరు అరిగినా మా వాళ్ళ నోళ్ళలో మిగిలినది ఆ భిక్షువుల పేరే. కుబేరుణ్ణి కరుణించిన చక్రవర్తి పేరు మా ప్రాంతంలో ఏ గట్టుకూ లేదు.

స్వర్ణయుగం శిబిరంవారికి ఇంకొక మాట. శ్రీకృష్ణదేవరాయలు కళింగ దండయాత్రలో సింహాచలం వచ్చాడు. 1516, 1519 నాటి శాసనాలు అక్కడ ఉన్నాయి. స్వామికి నగలు సమర్పించాడు. ఆయన కవిత్వానికీ, కవిపోషణకూ నేనూ నమస్కరిస్తాను. కాని మా ప్రాంతపు రైతుకు రాయలు మొదట కనిపించినది కవిగా కాదు, పొలాల మీదుగా సాగిన సైన్యంగా. గెలిచిన తరువాత ఏం జరిగింది? గజపతితో సంధి కుదిరింది, వియ్యం కుదిరింది, కృష్ణకు ఉత్తరాన ఉన్న భూమి తిరిగి గజపతికే వెళ్ళింది. అంటే ఈ నేల ఒక చేతినుంచి మరొక చేతికి మారి, మళ్ళీ మొదటి చేతికే వచ్చింది. తుని నుంచి సింహాచలం దాకా ఉన్న ఊళ్ళలో ఒక్క ఊరినైనా, నీకు ఎవరు కావాలి అని అడిగినవాడు లేడు.

ఈ చేతులు మారడం 18వ శతాబ్దానికి వచ్చేసరికి సంతలో పశువుల బేరంలా తయారయింది. 1753లో నిజాము సలాబత్ జంగు, ఫ్రెంచివారి సైన్యానికి జీతాల కింద నాలుగు సర్కార్లను బుస్సీకి ఇచ్చేశాడు. అందులో మా చికాకోలు సర్కారు ఒకటి. 1757లో బొబ్బిలి నేలమట్టమయింది. 1758 డిసెంబరులో చందుర్తి దగ్గర కర్నల్ ఫోర్డు, విజయనగరం ఆనంద గజపతిరాజు సేనలు కలిసి ఫ్రెంచివారిని ఓడించాయి. 1765లో ఢిల్లీ పాదుషా షా ఆలం, తన మాట చెల్లని ఈ సర్కార్లను ఒక ఫర్మానాతో కంపెనీకి రాసిచ్చాడు. 1766లో నిజాము ఏటా సొమ్ము ఇచ్చే షరతు మీద అదే భూమిని అదే కంపెనీకి మళ్ళీ ఒప్పగించాడు. 1823లో కంపెనీ ఏకమొత్తం చెల్లించి ఆ బాకీని కూడా తీర్చుకుంది. 1753 నుంచి 1766 వరకు 13 ఏళ్ళలో ఇంతమంది యజమానులు! ఎవరి జెండా ఎగిరినా రైతు చెల్లించవలసినది చెల్లిస్తూనే ఉన్నాడు.

అన్ని రాజ్యాలూ ఒకటేనా అని మీరు అడుగుతారు. కావు. వసూలు ఏర్పాటు ఒకటే అయినా, దాని బిగింపు మారింది. 1802లో కంపెనీ ఉత్తర సర్కార్లలో శాశ్వత పైసలా ప్రవేశపెట్టింది. జమీందారు కట్టవలసిన పేష్కషు శాశ్వతంగా స్థిరపడింది. సర్కారు చేతిలో ఉన్న హవేలీ భూములను ఎస్టేట్లుగా విడగొట్టి వేలం వేశారు. పంట పండినా ఎండినా కిస్తీ గడువు మారదు. గడువు తప్పితే జమీందారు ఎస్టేటు వేలానికి వస్తుంది కాబట్టి, జమీందారు తన భయాన్నంతా రైతు మీద దించుతాడు. 1948లో ఎస్టేట్ల రద్దు చట్టం వచ్చేదాకా నిలిచిన జమీందారీ వ్యవస్థకు పునాది ఇది. 146 సంవత్సరాలు.

ఇప్పుడు రోడ్లు, రైళ్ళు శిబిరం. నర్సీపట్నం నుంచి లంబసింగి మీదుగా చింతపల్లికి ఘాట్ రోడ్డులో వెళ్ళినవారు మీలో చాలామంది ఉంటారు. పొగమంచు ఫొటోలు చూశాను, బాగున్నాయి. మన్యంలో ఆ రోడ్డు పనుల చరిత్ర మాత్రం ఏ ఫొటోలోనూ కనబడదు. గూడెం డిప్యూటీ తహసీల్దారు బాస్టియన్, గిరిజనుల చేత అర్ధాకలి కూలికి, బలవంతంగా రోడ్డు పని చేయించాడు. అంతకుముందే 1882 మద్రాసు అటవీ చట్టం వారి పోడునూ, అడవినీ వారికి కాకుండా చేసింది. ఈ రెండు బాధలూ కలిసి 1922 ఆగస్టు 22న చింతపల్లి పోలీసు ఠాణా మీద అల్లూరి సీతారామరాజు దాడిగా పేలాయి. 1924 మే 7న ఆయనను కాల్చి చంపారు. సమాధి కృష్ణదేవిపేటలో, నేటి మా అనకాపల్లి జిల్లాలో ఉంది. ఆంగ్లేయుడు రోడ్డు వేశాడు అనే వాక్యంలో కర్త ఎవరో ఇకనైనా సరిచూసుకోండి. వేసినవాడు గిరిజనుడు.

న్యాయంగా ఒక మంచి కూడా చెప్పాలి. అనకాపల్లి చెరకు పరిశోధన కేంద్రం 1913లో ఆ పాలనలోనే మొదలయింది. మా రైతులకు దానివల్ల మేలు జరిగింది. కాని దాన్ని నడిపినది లండను సొమ్ము కాదు, ఇక్కడి పన్ను. పైగా చెరకు పేరెత్తాక రెండవ ముఖాన్నీ చూడాలి. బానిసత్వం రద్దయిన తరువాత మారిషసు చెరకు తోటలకు కూలీలు కావలసివచ్చారు. 1860లో ట్రూరో ఓడ మద్రాసు నుంచి నాటాలుకు తొలి కూలీలను చేర్చింది. 1903 నుంచి మద్రాసు రేవు ద్వారా ఫిజీకి కూడా పంపారు. కరువుకూ అప్పుకూ తాళలేక ఒప్పంద పత్రం మీద వేలిముద్ర వేసినవారిలో మా విశాఖపట్నం జిల్లావారు ఎందరో. సొంత ఊరిలో బెల్లం వండుకోవలసిన మనుషులు సముద్రం ఆవల ఇంకొకరి చెరకు నరికారు. వారి సంతతి ఈనాడూ డర్బనులో, మారిషసులో తెలుగు పేర్లతో ఉంది. రైలు వంతెనను లెక్కలో వేసేవారు ఈ ఓడను కూడా వేయాలి.

సరే, 1947లో వారు వెళ్ళిపోయారు. యంత్రం వెళ్ళిందా? 1894 నాటి భూసేకరణ చట్టం 2013 చివరిదాకా అమలులో ఉంది. అంటే దాన్ని రాసినవారు వెళ్ళాక మరో 66 ఏళ్ళు. అచ్యుతాపురం, రాంబిల్లి మండలాలలో ప్రత్యేక ఆర్థిక మండలికి భూములు పోయిన కాలం కూడా ఆ చట్టం బతికి ఉన్న కాలమే. అడవి విషయంలో, గిరిజనులకు చారిత్రక అన్యాయం జరిగిందని చట్టం తన పీఠికలోనే ఒప్పుకోవడానికి 2006 అటవీ హక్కుల చట్టం దాకా ఆగవలసివచ్చింది.

పేర్లు చూడండి. 1984లో కరణం, మునసబు పదవులు రద్దు చేశాం. 1985లో తాలూకాలు పోయి మండలాలు వచ్చాయి. మండల రెవెన్యూ అధికారి అని కొత్త పేరు పెట్టి, కొన్నేళ్ళకు మళ్ళీ తహసీల్దారు దగ్గరకే చేరాం. తహసీలు అంటే వసూలు. కలెక్టరు అంటే కూడా వసూలు చేసేవాడే. ఫారసీలో ఒకరు, ఇంగ్లీషులో ఒకరు, ఇద్దరిదీ ఒకటే అర్థం. 2022 ఏప్రిల్ 4న అనకాపల్లి జిల్లా ఏర్పడింది. అదే రోజున అల్లూరి సీతారామరాజు జిల్లా కూడా ఏర్పడింది. తహసీల్దారు దౌర్జన్యం మీద తిరగబడిన మనిషి పేరు జిల్లాకు పెట్టుకున్నాం, ఆ జిల్లాను కలెక్టరు, తహసీల్దార్ల చేతిలోనే ఉంచాం. ఇందులోని వింత మనకు తట్టకపోవడమే సామ్రాజ్యం సాధించిన అసలు విజయం.

పేర్లలో ఏముందిలే అనేవారు ఒక అర్జీ తెరిచి చదవండి. పొలం సరిహద్దు తగాదాకో, ఆగిన పింఛనుకో నేటికీ మన పెద్దలు రాసే అర్జీ మ.రా.రా.శ్రీ అని మొదలవుతుంది. మహారాజరాజశ్రీ! ఆ తరువాత దివ్యసముఖమునకు, విన్నవించుకొనునది, దయతలచి. ఓటు వేసి ప్రభుత్వాన్ని నిలబెట్టిన మనిషి, తన పన్నుతో జీతం తీసుకునే ఉద్యోగిని రాజాధిరాజని పిలిచి, తనకు రావలసిన హక్కును భిక్షగా అడుగుతున్నాడు. పట్టుకొని, విడిచిపెట్టి, కరుణించే పద్ధతి పదహారు వందల ఏళ్ళ తరువాత కూడా మన చేతిరాతలో బతికే ఉంది. గుప్తులు లేరు, గజపతులు లేరు, కంపెనీ లేదు. కుబేరుడు మాత్రం ఇంకా చేతులు కట్టుకొని నిలబడే ఉన్నాడు.

కాబట్టి మిత్రులారా, నా కోరిక ఇది. ఇకమీదట ఏ సామ్రాజ్యం గురించి టపా రాసినా, అది మనదైనా పరాయిదైనా, కట్టడం ఫొటో కింద మూడు వాక్యాలు అదనంగా రాయండి. దీనికి చెల్లించినది ఎవరు, వసూలు చేసినది ఎవరు, ఆ వసూలు ఏర్పాటు నేడు ఏ పేరుతో నడుస్తోంది. ఈ మూడింటికీ జవాబు రాయకుండా చేసే పొగడ్త అంతా హరిషేణుని ఉద్యోగమే. ఆయనకు కనీసం ఆస్థానంలో జీతమైనా ఉండేది.

అలాగే ఈసారి మీ ఇంట ఎవరికైనా అర్జీ రాసిపెట్టవలసివస్తే, మ.రా.రా.శ్రీ తీసివేసి, తహసీల్దారు గారికి అని మాత్రం రాయండి. మర్యాదకు గారు చాలు. విన్నవించుకొనునది బదులు తెలియజేస్తున్నాను అనండి. పని ఆగుతుందని భయపడేవారు ఉంటారు; ఆ భయం ఎవరు నేర్పినదో వ్యాఖ్యలలో మాట్లాడుకుందాం.